అల్విన్ రోడెక్ తోలుకోటు

అల్విన్ రోడెక్ పదేళ్ళ ఎనిమిది నెలలు కన్నార్పలేదు. నిద్రలో ఏం చేసేవాడో నాకు తెలియదు, పక్కన పడుకున్నవాణ్ణి కాదు. మెలకువగా ఉన్నంతసేపూ మాత్రం ఆ రెప్పలు కదలగా చూసినవాడు గోటింగెన్ ఊళ్ళో లేడు. కావాలంటే అప్పట్లో మా స్టూడియోలో పనిచేసినవాళ్ళను అడగండి. వాళ్ళలో సగం మంది బెన్నో ఒట్టి కోతలరాయుడంటారు. ఆ సగాన్ని వదిలేసి మిగతా సగాన్ని అడగండి.

బెన్నో అంటే నేనే. హానోవర్ నటనాపాఠశాలలో రెండు టర్ములు చదివి, నాకు నేర్పడానికి వాళ్ళ దగ్గర ఇంకేమీ మిగలలేదని తెలిసి బయటికొచ్చేశాను. పాఠశాలవాళ్ళు తమ రికార్డులో ఈ సంగతిని వేరేగా రాసుకున్నారు. అది వాళ్ళ చేతిరాత, నేనేం చేయను. స్టూడియోలో నన్నందరూ ప్రొఫెసర్ అని పిలిచేవారు. నా పని దుస్తుల గదిలో ఇస్త్రీ, గుండీలు, బూటుపాలిష్. అల్విన్ జీవితంలో నేను పోషించిన పాత్రంతా ఆ బూటుపాలిష్ డబ్బాలోనే ఉంది. అది లేకపోతే ఆయన నలభై ఒక్క సినిమాలూ లేవని నేనంటాను.

ఆ నలభై ఒక్క సినిమాల్లోనూ పోస్టరు మీద ఆయన పేరు చిట్టచివరి వరుసలో, అచ్చు వేసినవాడి పేరుకు కాస్త పైన ఉండేది. ముఖం మాత్రం తెలియనివాళ్ళు లేరు. తలుపు నెమ్మదిగా తెరుచుకుంటే వెనక నిలబడి ఉండేది ఆయనే. రైలు పెట్టెలో పేపరు దించి చూసేది ఆయనే. ట్రాములో ఆయన ఎక్కితే ఎదుటి బెంచీ ఖాళీ అయ్యేది. మాంసం కొట్టు ఆవిడ ఆయన అడిగినదానికన్నా ఒక సాసేజ్ ఎక్కువ చుట్టి ఇచ్చి, తలుపు దాకా సాగనంపేది. ఆయన అద్దెకున్న ఇంటి యజమానురాలి కుక్క ఆయన్ను చూసి రెండుసార్లు మూర్ఛపోయింది. ఒకసారి నేను కళ్ళారా చూశాను.

అసలు సంగతేమిటంటే, ఊరంతా అల్విన్ను చూసి ఎంత భయపడేదో అంతకు పదింతలు అల్విన్ ఊరిని చూసి భయపడేవాడు.

మొదట్నించీ చెబుతాను.

1948 శీతాకాలం. స్టూడియో అంటే ఊరవతల ఉన్న పాత విమానాల షెడ్డు. చిన్నవేషాలకు మనుషులు కావాలంటే మూడొందల మంది మంచులో బారులు తీరారు. అప్పట్లో మా దగ్గర ఒక పద్ధతి ఉండేది. రాజుల కాలం కథ అయితే బట్టలు స్టూడియో ఇస్తుంది. ఈ కాలం కథ అయితే చిన్నవేషాలవాళ్ళు ఎవరి బట్టలు వాళ్ళే తెచ్చుకోవాలి. యుద్ధం ముగిసి మూడేళ్ళయినా ఊళ్ళో సగం మంది దుప్పటి కత్తిరించి కోటు కుట్టుకున్నవాళ్ళే. అందుకని మేనేజరు ఆ వరుస వెంట నడుస్తూ ముఖాలు చూడలేదు. మెడ కిందనే చూసుకుంటూ వచ్చాడు.

“నీకు తెల్ల గ్లవుజులున్నాయి, నువ్వు పెళ్ళిలో ఉండు. నీ టోపీ పర్లేదు, బ్యాంకు గుమాస్తావి. అమ్మా, ఆ బొచ్చు కాలరు నీదేనా, అయితే వకీలుగారి భార్యవి. నువ్వెవరయ్యా, ఈ కోటేమిటి?”

నల్లటి తోలుకోటు. మోకాళ్ళ కిందికి దిగి, రెండు వరుసల గుండీలతో ఉంది. అంత మంచి తోలు మూడొందల మందిలో ఇంకొకరి ఒంటిమీద లేదు.

“అయ్యా, నాది హాస్యం,” అన్నాడు అల్విన్. “హాల్బర్‌స్టాట్ నాటకశాలలో పదిహేనేళ్ళు చేశాను. మెట్ల మీంచి జారిపడతాను. పిల్లల నాటకంలో గుర్రానికి వెనక సగం నేనే.”

“ఈ కోటు వేసుకుని జారిపడితే నవ్వే ధైర్యం ఎవడికుంది? నువ్వు రహస్య పోలీసువి. అటు పక్కన నిలబడు.”

ఒక నటుడి బతుకు అలా నిర్ణయమైపోయింది.

దుస్తుల గదికి పెద్ద తెక్లా పిన్ని. అందరికీ పిన్నే. మా వృత్తిలో సొంత కోటు వేసుకుని ఆటలోకి దిగితే అరిష్టం. సొంత బట్టలు తెచ్చుకోమనేదీ మేమే, సొంత బట్టలంటే హడలిపోయేదీ మేమే కాబట్టి, తెక్లా పిన్ని దీనికో ఉపాయం పెట్టింది. చిన్నవేషంవాడు ఎవడొచ్చినా వాడి కోటు గుండీ ఒకటి తెంపి, దాని చోట స్టూడియో గుండీ కుట్టేది. గుండీ మారిందంటే కోటు స్టూడియోదైనట్టే, కీడు దాటిపోయినట్టే. అల్విన్ కోటు మీదికి కత్తెర తెచ్చేసరికి ఆయన రెండు చేతులతో గుండీలు మూసుకున్నాడు.

“వద్దమ్మా. ఒక్క గుండీ కూడా పోకూడదు.”

“సొంత కోటుతో కెమెరా ముందుకెళితే మునిగిపోతావు నాయనా.”

“ఇది నా సొంతం కాదు.”

“మరెవరిది?”

“అదే తెలిస్తే ఇంత చలిలో నాకు చెమటెందుకు పడుతుంది పిన్నీ.”

ఆమె కత్తెర దించింది. పరాయి కోటైతే కీడు లేదు, మా శాస్త్రం ప్రకారం. నేను మాత్రం ఊరుకునే రకం కాదు. ఆ కోటు ఇస్త్రీ బల్ల మీదికి వచ్చిన మొదటి రోజే కాలరు లోపల కుట్టిన గుడ్డముక్క చూశాను. ఎర్ర దారంతో ‘ఎఫ్. జాండర్’ అని ఉంది.

“ఎవరండీ ఈ జాండర్?” అన్నాను అల్విన్‌తో. “మీ మామగారా?”

ఆయన లేచి గది తలుపు మూశాడు. కిటికీలోంచి ఇటూ అటూ చూశాడు. అప్పుడు చెప్పాడు.

1945 మార్చి. అల్విన్‌కు నలభై రెండేళ్ళు. గుర్రం వెనక సగంగా బతుకుతున్నవాడికి తుపాకీ ఇచ్చి ఓడర్ నది ఒడ్డుకు తోలారు. పటాలం రెండు రోజుల్లో చెదిరిపోయింది. ఈయన పడమటికి నడక మొదలుపెట్టాడు. దారి పొడుగునా మిలటరీ పోలీసులు. అనుమతి కాగితం లేకుండా పడమటికి నడిచేవాణ్ణి, పారిపోతున్న సిపాయి అని, అడగడం, ఉరితీయడం ఒక్క చేత్తో జరిగిపోయేవి. తన పటాలంలో వంటపాత్రలు మోసే మనిషిని ఒక వంతెన దగ్గర దీపస్తంభానికి వేలాడుతుండగా చూశాడు. మెడలో అట్టముక్క ఉంది. దాని మీద ఏం రాసి ఉందో చదవకుండానే వెనక్కి పరుగెత్తి ఒక సత్రంలో దూరాడు. సత్రంలో మనుషులు లేరు. చిలక్కొయ్యకు ఈ తోలుకోటు, పక్కనే టోపీ ఉన్నాయి.

“తీసుకుందామని అనుకోలేదు బెన్నో. చేతులు దూర్చేశాక తెలిసింది, దూర్చానని.”

మళ్ళీ అదే వంతెన. ముగ్గురు పోలీసులు. ఒకడు చేయెత్తాడు. అల్విన్‌కు నోట మాట లేదు, కాలు కదలదు, కన్ను మూతపడదు. భయంతో బిగుసుకుపోయి వాణ్ణి అలాగే చూస్తూ ఉండిపోయాడు. పది క్షణాలయ్యాయి. చేయెత్తినవాడి ముఖం తెల్లబడింది. మడమలు టక్కున కలిపి సెల్యూట్ చేశాడు. పెద్ద తోలుకోటు వేసుకుని, కాగితం చూపించకుండా, రెప్ప వేయకుండా నిలబడ్డవాడు ఆ రోజుల్లో ఎవరై ఉంటాడో వాళ్ళకు తెలుసు. అంతకన్నా పెద్ద పోలీసై ఉంటాడు. తప్పుకుని దారిచ్చారు. అల్విన్ ఆ దీపస్తంభం కిందనుంచే నడిచి వెళ్ళాడు.

“వాళ్ళు నన్నెవరని అనుకున్నారో, ఈ కోటు అసలు మనిషి నిజంగా అదే,” అన్నాడు. “లోపలి జేబులో ఏముందో చూస్తావా?”

మర్నాడు తన గదిలో మంచం కిందనుంచి తువ్వాలులో చుట్టిన వస్తువు తీసి చూపించాడు. జానెడు పొడుగు ఇనుప పట్టకారు. ఒక దవడకు అంకెల ఆకారంలో సూదులు, రెండో దవడకు తోలు దిమ్మ. నొక్కితే అంకె దిగుతుంది. దేనిలో దిగుతుందో ఇద్దరం అడగలేదు, శిబిరాల్లో ఖైదీల చేతుల మీద నంబర్లు పొడిచేవారని అప్పటికే విని ఉన్నాం. నేను మామూలుగా దేనికీ జడవను, ఒకసారి సర్కస్ సింహం ముందు నిలబడి సిగరెట్ వెలిగించుకున్నవాణ్ణి. ఆ పట్టకారు చూశాక మాత్రం రెండు రోజులు అన్నం సయించలేదు.

“వాడొస్తాడు బెన్నో,” అన్నాడు అల్విన్. “ఏదో ఒక ఊళ్ళో టిక్కెట్ కొనుక్కుని కూర్చుంటాడు. తెర మీద తన కోటును చూస్తాడు. తెర మీద నా ముఖం కూడా ఉంటుంది.”

“అయితే వేసుకోవడం మానేయండి.”

“మానేస్తే జారిపడేవాళ్ళ వరుసలో నిలబడాలి. ఆ వరుసలో ఎనభై మందున్నారు. వేసుకుంటే తిండి ఉంది, మానేస్తే ప్రాణం ఉంది. నువ్వే చెప్పు ప్రొఫెసర్.”

చెప్పాను. ఆ కోటుకు ఎడమ మోచేతి దగ్గర నెలవంక ఆకారంలో లేతరంగు తోలు అతుకు ఉంది. చూడగానే గుర్తుపట్టేది అదొక్కటే. ప్రతి షాట్‌కు ముందు నేను దానిమీద నల్ల పాలిష్ రుద్దుతానన్నాను. రుద్దాను. ఏడేళ్ళు రుద్దాను. లైట్ల వేడికి పాలిష్ కరిగి వాసనొచ్చేది, హీరోయిన్లు ముక్కు మూసుకునేవారు. కౌగిలింత వేషాలు ఆయనకు రాకపోవడానికి అదొక కారణం.

ఇక ఆ చూపు సంగతి. డైరెక్టర్ వీగాండ్ గారు దాన్ని తను కనిపెట్టిందే అనుకునేవారు. “రోడెక్‌కు నేనేమీ చెప్పను, కెమెరా దగ్గరగా పెడతానంతే,” అని పేపర్లవాళ్ళతో అనేవారు. అల్విన్ ఏ సెట్లోకి వచ్చినా ముందు మనుషుల ముఖాలు లెక్కపెట్టేవాడు. కొత్త ముఖం కనిపిస్తే అక్కడే చూపు నిలిచిపోయేది. వీడేనా? వీడి మెడ కొలత ఈ కాలరుకు సరిపోతుందా? అప్పుడే కెమెరా తిరిగేది. జనం ఇళ్ళకెళ్ళి దీపం ఆర్పకుండా పడుకునేవారు.

తన సినిమా ఊళ్ళోకి వస్తే అల్విన్ వారం రోజులు జ్వరం అనేవాడు. ఒకసారి పోస్టర్‌లో ఎడమ చెయ్యి మొత్తం పడింది. గొడుగు అడ్డం పెట్టుకుని, తడి స్పాంజితో ఊళ్ళోని పదిహేడు పోస్టర్లలో తన ఎడమచేతినే గీకి తీసేశాడు. పోలీసువాడు పట్టుకోబోయి, ముఖం చూసి, టోపీ తాకి వెళ్ళిపోయాడు.

1955 అక్టోబరు వచ్చింది. రష్యాలో పదేళ్ళుగా ఉండిపోయిన యుద్ధఖైదీలను చివరికి వదిలిపెడుతున్నారు. మాకు పక్కనే ఉన్న ఫ్రీడ్‌లాండ్ శిబిరానికి బస్సుల్లో వచ్చేవారు. బస్సులొచ్చినప్పుడల్లా చర్చి గంటలు మోగేవి, ఊరంతా పూలూ కేకులూ పట్టుకుని రోడ్డు పక్కన నిలబడేది. రేడియోలో పేర్లు చదివేవారు. మధ్యాహ్నం కాంటీన్‌లో బఠాణీ సూపు ముందు పెట్టుకుని మేమంతా వినేవాళ్ళం. చెంచాల చప్పుడు కూడా ఉండేది కాదు. వంట చేసే ఎర్నా గరిటె పట్టుకుని రేడియో పక్కనే నిలబడేది, ఆమె తమ్ముడు ఇంకా రాలేదు. పేర్లు అక్షరాల వరుసలో వచ్చేవి. తనకు కావలసిన అక్షరం దాటేదాకా ఎర్నా గరిటె దించేది కాదు. తనకు అక్కర్లేని అక్షరం దాటేదాకా అల్విన్ చెంచా ఎత్తేవాడు కాదు.

“జాండర్, ఫ్రీడ్‌హెల్మ్. పుట్టింది పంతొమ్మిది వందల ఆరు. డూడర్‌స్టాట్.”

అల్విన్ సూపు గిన్నెను నెమ్మదిగా పక్కకు జరిపాడు. దాని చోట రెండు అరచేతులూ బల్లమీద ఆనించాడు, బల్ల ఎక్కడికో పోతున్నట్టు. డూడర్‌స్టాట్ మాకు ఎంతో దూరం లేదు. పాల లారీ రోజూ వస్తుంది.

“ఎఫ్ అంటే ఫ్రీడ్‌హెల్మే కానక్కర్లేదు,” అన్నాను నేను. “ఫ్రాంజ్ కావచ్చు. ఫెలిక్స్ కావచ్చు. జాండర్లు దేశంలో వేలమంది ఉన్నారు.”

“నీకు తెలిసిన జాండర్ ఒక్కడి పేరు చెప్పు.”

నాకు ఒక్కడూ తోచలేదు. మామూలుగా నాకు తోచకపోవడమనేది ఉండదు.

కోటును తగలబెట్టడానికి కూడా వీల్లేదు. సినిమా సగం తీశారు, ఆ సగంలో ప్రతి సీనులోనూ ఆ కోటుంది. మార్చితే తీసిందంతా పారేయాలి. వీగాండ్ గారికి అసలు సంగతి చెబుదామంటే, చెప్పిన మరుక్షణం ఊరంతా తెలుస్తుంది. అల్విన్ రోజూ సైకిలు మీద ఒక్కో దారిన వచ్చేవాడు. గేటు దగ్గర ఫోను మోగితే మేకప్ కుర్చీ కిందికి చూసేవాడు, తను దూరొచ్చా లేదా అని. బరువు తగ్గిపోయి కోటు వదులైంది. దర్జీ సూదితో వస్తే, “కొలత మార్చొద్దు, ఆయనకు సరిపోవాలి,” అన్నాడు. ఆ మాట విన్నాక నాకు కూడా నవ్వులాట మానేయాలనిపించింది. రెండు రోజులు మానేశాను.

మూడు వారాలు గడిచాయి. ఎవరూ రాలేదు. నవంబరు పదో తేదీ ఉదయం పెద్ద సీను. అల్విన్ ఒక గది మధ్యలో నిలబడి, తను పట్టించిన మనిషిని తీసుకుపోతుండగా చూస్తాడు. మాటల్లేవు. కెమెరా దగ్గరికి, ఇంకా దగ్గరికి వస్తుంది. నేను మోచేతికి పాలిష్ రుద్ది పక్కకు తప్పుకున్నాను. గంట మోగింది, తలుపు మీద ఎర్రలైటు వెలిగింది. ఎర్రలైటు వెలిగితే మా దగ్గర దగ్గు వచ్చినా మింగాల్సిందే. ఎవరూ కదలకూడదు.

తలుపు మూసుకోబోయే క్షణంలో ఒక మనిషి లోపలికి వచ్చి తెక్లా పిన్ని పక్కన నిలబడ్డాడు. సన్నగా, పొడుగ్గా ఉన్నాడు. ఫ్రీడ్‌లాండ్‌లో పంచిపెట్టిన కొత్త బూడిదరంగు సూటు. ఆ సూట్లన్నీ ఒకేలా ఉండేవి, ఎవరికీ సరిపోయేవి కావు. చేతిలో టోపీ పట్టుకుని కోటునే చూస్తున్నాడు.

అల్విన్ చూశాడు.

నేను చూస్తుండగా ఆయన ముఖంలోంచి రక్తం కిందికి దిగిపోయింది. పరుగెత్తడానికి లేదు, ఎర్రలైటు. ఆ మనిషి మాట్లాడటానికి లేదు, ఎర్రలైటు. ఇద్దరూ ఒకరినొకరు చూసుకుంటూ నిలబడ్డారు. కెమెరా దగ్గరికొచ్చింది. వీగాండ్ గారు ‘ఆపండి’ అనాల్సిన చోట అనలేదు. కెమెరా మనిషి భుజం మీద చెయ్యి వేసి, కానివ్వు కానివ్వు అని వేళ్ళతోనే చెబుతున్నారు. అల్విన్ కళ్ళలో నీళ్ళు నిండాయి. రెప్ప పడలేదు. రెండు నిమిషాలు నడిచింది. వంతెన మీద పది క్షణాలు ఎంతసేపు నడిచి ఉంటాయో నాకప్పుడు అర్థమైంది.

రీలు అయిపోయింది. లైటు ఆరింది. ఎవరూ చప్పట్లు కొట్టలేదు, అంత బాగుంది.

ఆ మనిషి తీగలు దాటుకుంటూ వచ్చాడు. బొటనవేలితో అల్విన్ ఎడమ మోచేతిని రుద్దాడు. పాలిష్ పోయింది. నెలవంక బయటపడింది.

“మా ఆవిడ వేసిన అతుకు,” అన్నాడు. “పాత సంచి కోసి వేసింది. మా ఊళ్ళో సినిమా చూశాను. అతుకు కనబళ్ళేదు, ఇక్కడ గోడమీది పాత పోస్టర్‌లో చెయ్యే లేదు. కానీ ఆ రెండో గుండీ నేనే కుట్టుకున్నా, వంకరగా. అది కనబడింది. గుండీలన్నీ అలాగే ఉంచారే.”

“జాండర్ గారూ,” అన్నాడు అల్విన్. ఆ తర్వాత ఏం చెప్పాలో పదేళ్ళు సాధన చేసినవాడు, ఒక్క ముక్క గుర్తురాలేదు. “మీరు ఏ శాఖలో…”

“శాఖేమిటి?”

“పోలీసులో… రహస్య…”

“నేను పశువుల డాక్టర్ని.”

తెక్లా పిన్ని మూలకెళ్ళి ఒక పెట్టె మీద కూర్చుంది.

“ఆ సత్రం వెనక పాకలో ఆవు ఈనుతోంది,” అన్నాడు జాండర్. “దూడ అడ్డం తిరిగింది. అంత మంచి కోటు పాడవుతుందని లోపల తగిలించి వెళ్ళా. చేతులు భుజాల దాకా నెత్తురుతో తిరిగొస్తే కొయ్య ఖాళీ. ఇంతకీ లోపలి జేబులో పట్టకారు ఉండాలే. అది మా ఊరి పాల సంఘానిది. తూర్పునుంచి తోలుకొచ్చే ఆవుల చెవులకు నంబర్లు వేయడానికి పట్టుకెళ్ళాను. వాళ్ళు ఇప్పటికీ అడుగుతున్నారు.”

“ఆవుల చెవులకు,” అన్నాడు అల్విన్.

“మరి దేనికి?”

అల్విన్ నావైపు చూశాడు. నేను లైట్లవైపు చూశాను. ఇద్దరం పట్నంవాళ్ళమే. ఈ సంగతి మా స్టూడియో గేటు ముందు పోయే ఏ పాల లారీవాణ్ణి అడిగినా చెప్పేవాడు.

“మిమ్మల్ని చలిలో వదిలేశాను,” అన్నాడు అల్విన్. “పదేళ్ళు…”

జాండర్ సెట్లో ఉన్న దొంగ పొయ్యి దగ్గరికెళ్ళి చేతులు చాపాడు. అది రంగేసిన చెక్క అని తెలిసి వెనక్కి తీసుకున్నాడు.

“మూడో రోజు రష్యా సైనికులు మమ్మల్ని పట్టుకున్నారు. వరుసలో నిలబెట్టి తోలుకోటు వాళ్ళను మాత్రం పక్కకు రమ్మన్నారు. ముగ్గురున్నారు. ఒకడు వంటవాడు, ఒకడు లారీ డ్రైవరు, మూడోవాడెవడో తెలియదు. వాళ్ళ మాట ఎవరూ వినలేదు. ఇటుకబట్టీ వెనక్కి తీసుకెళ్ళారు, తిరిగి రాలేదు. నాకు ఆవులను దొంగతనంగా తోలుకుపోయానని ఇరవై ఐదేళ్ళు వేసి బొగ్గుగనికి పంపారు. పది చలికాలాలు, గోనెగుడ్డ కప్పుకుని ఉన్నాను. మీకు దండం పెట్టాలో, రెండు తగిలించాలో నాకింకా తేలలేదు. తేలుతుందేమోనని చూడ్డానికొచ్చా.”

“తేలిందా?”

“లేదు. కోటివ్వండి.”

అల్విన్ విప్పి ఇచ్చాడు. జాండర్ వేసుకున్నాడు. భుజాలు జారిపోయాయి, చేతులు లోపలే ఉండిపోయాయి. పదేళ్ళ కిందటి మనిషి కొలతలు అవి. అయినా గుండీలన్నీ ఒక్కొక్కటిగా పెట్టుకున్నాడు. అప్పుడు వీగాండ్ గారు జుట్టు పీక్కుంటూ వచ్చి, ఇంకా మూడు రోజుల షూటింగ్ ఉందని, కోటు వెళ్ళిపోతే సినిమా వెళ్ళిపోతుందని మొత్తుకున్నారు.

“మూడు రోజులా,” అన్నాడు జాండర్. “సరే. కోటు నా కళ్ళముందే ఉండాలి.”

మూడు రోజులు కాంటీన్ పొయ్యి పక్కనున్న కుర్చీని సెట్లోకి తెప్పించి వేయించుకుని కూర్చున్నాడు. ఎర్నా ఆయనకు సూపు మూడేసి గిన్నెలు పోసేది, తన తమ్ముడి పేరు చెప్పి గనిలో విన్నారా అని రోజూ అడిగేది. ఆయన రోజూ లేదమ్మా అని చెప్పి, ఇంకో గిన్నె తాగేవాడు.

అసలు ఆపద అప్పుడొచ్చింది. అల్విన్‌కు భయం పోయింది. భయంతో పాటు చూపూ పోయింది. పన్నెండు టేకులు తీశారు.

“రోడెక్, నువ్వు వాణ్ణి చంపబోతున్నావయ్యా,” అన్నారు వీగాండ్ గారు. “పెళ్ళికి పిలవడానికి వచ్చినట్టు చూస్తావేం?”

“ప్రయత్నిస్తున్నానండీ.”

“కళ్ళు తెరిచి ఉంచు.”

“మండుతున్నాయండీ.”

చివరికి మిగిలిన సీన్లన్నీ వెనకనుంచి తీశారు. కోటు వీపే నటించింది. సినిమా బాగానే ఆడింది, ఆ రెండు నిమిషాల పుణ్యమా అని. తర్వాత ఏడాదిన్నర అల్విన్‌ను ఎవరూ పిలవలేదు. తిరిగి ఆ వరుసలోకే వెళ్ళి నిలబడ్డాడు, మామూలు వానకోటుతో. ముఖం చూసి జనం ఇంకా జడుసుకునేవారు. ఇక తనకు పని లేదేమోనని ఆయనకు మళ్ళీ భయం పట్టుకుంది కానీ, అది కెమెరాకు పనికొచ్చే రకం భయం కాదు. చివరికి కొండ ఊరి కథ ఒకటి తీసేవాళ్ళు, ఉత్తరాల సంచితో మెట్లమీంచి దొర్లిపడే పోస్టుమాన్ కావాలంటే, వేరే ఎవడికో నడుము పట్టేసిందని ఈయన్ను తీసుకున్నారు. హాల్లో నేను పక్కనే ఉన్నాను. తెరమీద ఆయన ముఖం రాగానే జనం ఊపిరి బిగబట్టారు, ఆ రాక్షసుడు మళ్ళీ వచ్చాడని. మొదటి మెట్టు మీదే కాలు జారింది. ఆ నవ్వు నేనింకెక్కడా వినలేదు. పైకప్పు పెంకులు రెండు లేచి పడ్డాయని చెబితే నమ్మరు కాబట్టి చెప్పను. ఆ తర్వాత పోస్టుమాన్లు, తాతలు, చర్చిలో గంట కొట్టేవాళ్ళు. పేరు మాత్రం చివరి వరుసలోనే.

జాండర్ పట్టకారు పాల సంఘానికి ఇచ్చేశాడు. కోటు ఒంటి మీదనే ఉంచుకున్నాడు. వెళ్ళేటప్పుడు గేటు దగ్గర, “తేలాక ఉత్తరం రాస్తా,” అన్నాడు. ఉత్తరం రాలేదు. ఏటా డిసెంబరులో డూడర్‌స్టాట్ నుంచి పొగబెట్టిన సాసేజ్ ఒకటి పార్సిల్‌లో వచ్చేది. అల్విన్ దాన్ని నాకు కూడా కోసిచ్చేవాడు. పార్సిల్ కాగితం మాత్రం రెండువైపులా తిప్పి చూసుకున్నాకే పారేసేవాడు.

ఆయన డెబ్బయ్యో పుట్టినరోజుకు స్టూడియో పాతవాళ్ళమంతా బీరు దుకాణంలో కలిశాం. బల్ల ఎక్కి ఈ కథ నేనే చెప్పాను. పదేళ్ళ ఎనిమిది నెలలు ఒక్కసారి కూడా రెప్ప వేయని మనిషి ఇదుగో మీ ముందున్నాడని గ్లాసెత్తాను. తెక్లా పిన్నికి నామీద ఎప్పుడూ నమ్మకం లేదు.

“నిజమేనా రోడెక్?” అంది.

అల్విన్ మూతికి అంటిన నురగ తుడుచుకున్నాడు.

“వేసేవాణ్ణి. కెమెరా నా వైపు లేనప్పుడు.”